వాసవీకుమారి గారింటి ఛెనా

బరంపురం లంజిపల్లి మూడో లైనులో పాలవాడు వచ్చి వెళ్ళగానే ఆడవాళ్ళు చేసే మొదటి పని పాలగిన్నె మీద మూత బిగించడం. పిల్లి భయం కాదు. సరిగ్గా ఏడింటికి వాసవీకుమారి గుడికి బయల్దేరుతుంది. దారిలో ఎవరి ముగ్గు వంకరగా కనబడినా, ఎవరి వాకిట్లో కొత్త స్కూటరు నిలబడినా ఆవిడ మూతి ఎడమ పక్కకి ఒక్క తిప్పు తిప్పుతుంది. ఆ తిప్పుకి దగ్గర్లో మూత లేని పాలు ఎక్కడుంటే అక్కడ విరిగిపోతాయి. అలా ఇలా విరగడం కాదు. నీళ్ళు నీళ్ళుగా, ఛెనా ఛెనాగా, అంటే విరుగుడు ముద్ద మల్లెపూవంత తెల్లగా. గుడ్డలో పోసి పిండుకోవడమే తరువాయి.

ఈ విద్య ఆవిడకి అత్తగారి నుంచి వచ్చింది. ఆ అత్తగారికి వాళ్ళ అత్తగారి నుంచి. రవ్వలూ పప్పులూ హోల్‌సేలుగా అమ్మే ఆ ఇంట్లో మగవాళ్ళకి కొట్టూ ఆడవాళ్ళకి ఎదుటివాళ్ళని చిన్నచూపు చూడడమూ తరతరాలుగా దక్కుతున్నాయి. కూతుళ్ళకి రాదు, కోడళ్ళకే వస్తుంది. బరంపురంలో దీన్ని ఎవరూ వింతగా చెప్పుకోరు. బజారులో మిఠాయి కొట్టాయన అయితే రోజూ రెండు క్యాన్ల పాలు ఆటోలో వేసుకొచ్చి, ఆవిడ వసారాలో దింపి, మూతలు తీసి, నిమ్మకాయ పిండే బదులు ఒక కబురు చెబుతాడు.

"మావుసీ, మా బావమరిది కారు కొన్నాడు."

ఆవిడ మూతి తిరుగుతుంది. ఆయన క్యాన్లు మూసుకుని, కూలి కింద అరకిలో ఛెనా తీసి పెట్టి వెళ్ళిపోతాడు. బావమరిది కారు కొనని రోజున ఆ బావమరిది కూతురికి ఫస్టు ర్యాంకు వస్తుంది. ఆ బావమరిది అసలున్నాడో లేడో ఎవరికీ తెలీదు.

ఇలాంటి ఇంటికి ఆవిడ కొడుకు సాయిరామ్ గిరిసోల అనే పల్లెటూరి పిల్లని రిజిస్టరు పెళ్ళి చేసుకుని తీసుకొచ్చాడు. పిల్ల పేరు ఇంద్రజ. డిగ్రీ చదివింది, కంప్యూటర్ మీద బిల్లులు కొట్టగలదు. కానీ ఆమె తల్లి చిట్టమ్మ ఊడుపులకీ కోతలకీ కూలికెళ్ళే మనిషి. అది తెలిసిన రోజు వాసవీకుమారి ముందు మూతలు కూడా నిలవలేదు. మూడు రోజులు ఆ లైనంతా నల్ల టీ తాగింది. కొడుకుని వదులుకోలేక కోడల్ని ఇంట్లోకి రానిచ్చింది గానీ, రెండేళ్ళయినా ఆ పిల్ల చేత్తో వండినది ముట్టలేదు. తనకి వేరే గిన్నె, వేరే పొయ్యి.

నెలకోసారి చిట్టమ్మ పొద్దుటి ప్యాసింజర్‌లో వస్తుంది. తోటకూర కట్టలూ, కొంగున ముడేసిన జీడిపప్పూ తెస్తుంది. గుమ్మం దగ్గర చెప్పులు విడుస్తుందో లేదో లోపల వంటింట్లో పాలు విరుగుతాయి. అందుకని ఆమెకి ఎప్పుడూ నల్ల టీయే. అది తాగి, బాగుందని చెప్పి, వసారా మెట్టు మీద నుంచే కూతుర్ని చూసుకుని వెళ్ళిపోతుంది. ఆ వెళ్ళడం చూసినప్పుడల్లా ఇంద్రజకి ఒళ్ళు మండిపోయేది. అమ్మ వస్తే పాలు విరగని గది ఒకటి కావాలి. మేడ అక్కర్లేదు, ఒక్క గది చాలు. ఆ సంగతి మొగుడికి చెప్పింది. సాయిరామ్ మంచివాడు. ఇంట్లో మాట వస్తే మంచివాళ్ళు చేసే పనే చేశాడు, కొట్టుకి వెళ్ళిపోయాడు.

సరిగ్గా ఆ రోజుల్లోనే ఒక ఏజెంటు మాటలు నమ్మి మామగారు రామమూర్తి మొక్కజొన్న రవ్వ దింపుకున్నాడు. పట్నాలవాళ్ళు ఎగబడి తింటున్నారని చెప్పాడట ఆ ఏజెంటు. బరంపురంలో ఒక్కడు కొంటే ఒట్టు. అమ్ముడుపోని సరుకు ఇంటికి చేరడం షావుకార్ల ఇళ్ళలో మామూలే కాబట్టి బస్తాలు పెరటి గదికి వచ్చాయి. వాసవీకుమారి ఆ పసుపు రవ్వని రెండు వేళ్ళతో పట్టుకుని చూసింది.

"కోళ్ళకెయ్యండి. అయ్యయినా తింతాయో తినవో."

ఆ రవ్వ అలా ఇంద్రజ పాలయింది. కోడలికీ ఆ రవ్వకీ ఆ ఇంట్లో ఉన్న పరువు ఒక్కటే గనక ఇద్దరికీ బాగా పొసిగింది. స్నేహితురాళ్ళు పెళ్ళికి ఇచ్చిన చిన్న ఓవెన్ ఒకటి అటక మీద ఉంది. ఫోన్లో ఎవరో దొరసాని మొక్కజొన్న రవ్వతో కారం మఫిన్లు చెయ్యడం చూసింది. అందులో గుడ్లు పడతాయి. ఆ ఇంట్లోకి గుడ్డు రావాలంటే ముందు గోడలు కూలాలి. చీజ్ పడుతుంది. బజారు చీజ్ తెచ్చి చూస్తే రబ్బరు చెప్పు వాసన వేసింది. కానీ ఇంట్లో అరకిలో ఛెనా రోజూ మిగిలిపోతోంది, మిఠాయిలు చేసే తీరిక ఎవరికీ లేక. దానికి ఉప్పు పట్టించి, గుడ్డలో కట్టి, రుబ్బురోలు పొత్రం కింద ఒక పూట ఉంచింది. గట్టిపడింది. నాలిక మీద పెట్టుకుంటే ఉప్పగా, కొంచెం పొగరుగా ఉంది.

ఇక పని పట్టాలెక్కింది. రవ్వని ఉప్మాకి ఉడికించినట్టు జారుగా ఉడికించి, వెన్న వేసి చల్లారబెట్టేది. అందులో కాస్త మైదా, పుల్లటి పెరుగు, చిటికెడు సోడా, పచ్చిమిరపకాయ ముక్కలు, కొత్తిమీర, దంచిన మిరియాలు. ఆఖర్న ఛెనాని చేత్తోనే చిదిపి కలిపేది. మఫిన్ల అచ్చులు లేవు. అడ్డాకు దొప్పల్ని స్టీలు గిన్నెల్లో కూర్చి, వాటిలో ముప్పాతిక వంతు పోసి ఓవెన్లో పెట్టేది. ఇరవై అయిదు నిమిషాలకి పైన ఎర్రగా పగిలి, ఆకు వాసనతో పొంగి వచ్చేవి. ఒకసారి నిమ్మకాయతో విరగ్గొట్టిన ఛెనా వేసి చూసింది. మఫిన్లు గోడకి కొడితే గోడ పగిలేలా వచ్చాయి. అత్తగారి తిరస్కారంలో ఉన్న గుణం నిమ్మకాయలో లేదు మరి.

సాయిరామ్ టిఫిన్ డబ్బాలో అవి కొట్టుకి వెళ్ళాయి. గోపాల్‌పూర్‌లో సముద్రం ఒడ్డు హోటల్లో వంటలు చూసే దిలీప్ బొంబాయి రవ్వకని వచ్చి ఒకటి నోట్లో వేసుకున్నాడు. మూడు తిన్నాడు. గుడ్డు తినని టూరిస్టులకి పొద్దున్న పెట్టడానికి రొట్టె ముక్క తప్ప ఏమీ లేక చస్తున్నామనీ, శుక్రవారం నలభై తెచ్చి ఓనరుకి రుచి చూపించమనీ, ఆయనకి నచ్చితే రోజూ తీసుకుంటామనీ చెప్పాడు. ఇంద్రజ ఆ మధ్యాహ్నమే వెనక లైనులో ఖాళీగా ఉన్న గది చూసొచ్చింది. కిటికీ కింద పొయ్యి, గోడవార తల్లికో కుర్చీ. అంతా మనసులో సర్దేసుకుంది.

అంతా బాగానే ఉండేది, మంగళవారం దేవుడు అడ్డు రాకపోతే.

ఆ రోజు ఇంద్రజ నాలుగు మఫిన్లు పళ్ళెంలో పెట్టి, వంటింట్లో చోటు లేక దేవుడి గూటి పక్కన పెట్టింది. గుడి నుంచి వచ్చిన వాసవీకుమారి చూసింది. ఆకు దొప్ప, పసుపు రంగు, పైన నెయ్యి మెరుపు. పక్కింటి దుర్గ ఏ గుళ్ళోంచో ప్రసాదం పంపింది కాబోలనుకుంది. ప్రసాదాన్ని చూసి ఆవిడైనా మూతి తిప్పలేదు కదా. కళ్ళకద్దుకుంది. కళ్ళు మూసుకుని తింది. రెండోది కూడా కళ్ళకద్దుకుంది. నాలుగూ అయ్యాక గోడ మీంచి దుర్గని పిలిచి, ఏ గుడిదమ్మా ఇది, ఇంత కమ్మగా ఉందని అడిగింది. తను ఏమీ పంపలేదంది దుర్గ. అప్పుడు వాసవీకుమారి వెనక్కి తిరిగి, ఓవెన్ తుడుస్తున్న కోడల్ని చూసింది. మూతి తిరగలేదు. అదే కొంప ముంచింది.

మర్నాడు మిఠాయి కొట్టాయన బావమరిది చేత ఇల్లు కట్టించాడు. పాలు కదల్లేదు. లిఫ్టు పెట్టించాడు. పాలు పాలలాగే ఉన్నాయి. "పోన్లే నాయనా, కట్టుకోనీ" అందావిడ. ఆయన క్యాన్లు మూసుకుని, ఎవరో పోయినట్టు మొహం పెట్టుకుని వెళ్ళాడు. ఆ రోజు లైనులో మూత పెట్టని గిన్నెలు కూడా క్షేమంగా ఉన్నాయి. దుర్గ అయితే అయిదేళ్ళ తరవాత పాలకోవా వండుకుంది.

గురువారం పొద్దుటికి ఇంట్లో చారెడు ఛెనా కూడా లేదు. శుక్రవారం నలభై మఫిన్లు చెయ్యాలి. ఇంద్రజ పెద్ద తపేలాతో పాలు కాచి అత్తగారి ముందు పెట్టింది. గదీ హోటలూ అన్నీ విడమరిచి చెప్పింది. చెబుతుంటే తనకే సిగ్గేసింది. తనని తీసిపారెయ్యమని తనే బతిమాలుకోవడం.

వాసవీకుమారి నిజంగానే ప్రయత్నించింది. కోళ్ళ దాణా అంది. గిరిసోల అంది. చదువుకున్న కూలోళ్ళంది. మూతి ఎడమకి లాగింది, చాలదని వేలితో కూడా లాగి పట్టుకుంది. పాల మీద మీగడ కట్టింది.

"రాట్లేదే. కడుపులోంచి రావాల, నోటితో అంటే ఏటి లాభం" అంది. కాసేపు గచ్చు మీద గీతలు గీస్తూ కూచుంది. తరవాత, రెండేళ్ళలో ఎన్నడూ లేని మెత్తటి గొంతుతో అడిగింది. "అది ఇంకొకటి ఉందేటే, అమ్మా?"

నిన్న మిగిలిన ఒక్కటీ డబ్బాలో ఉంది. ఇంద్రజ తీసిచ్చింది. ఆవిడ రెండు చేతులా పట్టుకుని తింటోంది. గడ్డం మీద రవ్వ పలుకులు రాలాయి, వాటిని కూడా వేలితో అద్దుకుని నోట్లో పెట్టుకుంది. ఇంద్రజ నిలబడి చూసింది. ఈవిడకేనా తను రెండేళ్ళు భయపడింది? ఈవిడ మూతి సూటిగా ఉందో వంకరగా ఉందో చూసుకుని కదా తన తల్లి మెట్టు మీద కూచుంది. ఇంత పరువూ, ఇంత వంశమూ, ఇన్ని మడి గిన్నెలూ, చివరికి ఒక దొప్పెడు కోళ్ళ దాణాకి పడిపోయాయి. ఛీ అనిపించింది. పెదవి దానంతటది ఎడమ పక్కకి పోయింది.

తపేలాలో పాలు భళ్ళున విరిగాయి.

వాసవీకుమారి తపేలాలోకి చూసింది, కోడలి మొహంలోకి చూసింది. లేచి, దండెం మీది గుడ్డ తెచ్చి ఇచ్చింది.

"మా అత్తదానికన్నా గట్టిగా ఉన్నాది" అని, మఫిన్ చేత్తో పట్టుకుని వసారాలోకి వెళ్ళి కూచుంది.

శుక్రవారం నలభై మఫిన్లూ హోటల్ ఓనరు ముందుకి వెళ్ళాయి, ఖాళీ దొప్పలు వెనక్కి వచ్చాయి. రోజూ పంపమన్నారు. శనివారం నుంచి మిఠాయి కొట్టాయన క్యాన్లు ఇంద్రజ ముందు దింపి, అడక్కుండానే బావమరిది సంగతులు మొదలుపెట్టాడు. ఆ బావమరిదిని తలుచుకుంటే ఇంద్రజకి నిజంగానే అసహ్యం వేసేది. ఇంకో నెలకి వెనక లైనులో గది తీసుకుంది, పెద్ద ఓవెన్ కొంది. సాయిరామ్ కొట్టు నుంచి సరాసరి ఆ గదికే రావడం మొదలుపెట్టాడు. తల్లికి ఫోన్ చేసి ఇకమీదట ఇక్కడే ఉండిపొమ్మని చెప్పింది.

చిట్టమ్మ ఆదివారం పొద్దుటి ప్యాసింజర్‌లో గుడ్డల మూటతో దిగింది. ఇంద్రజ తల్లిని కుర్చీలో కూచోబెట్టింది. పొయ్యి మీద పాలు మూత లేకుండా పెట్టి, చిక్కటి పాల టీ పెట్టి ఇచ్చింది. పళ్ళెంలో రెండు మఫిన్లు పెట్టింది. అప్పుడే హోటల్ వ్యాన్ వచ్చి ఆగింది. దిలీప్ సరుకు లెక్క చూసుకోడానికి లోపలికొచ్చాడు, చేతిలో ఫోన్, కళ్ళకి నల్లద్దాలు.

చిట్టమ్మ మఫిన్‌ని అటూ ఇటూ తిప్పి చూసింది. టీ గ్లాసులో వేసింది. అయిదు వేళ్ళూ పెట్టి అంబలి పిసికినట్టు పిసికి, గ్లాసెత్తి జుర్రుకుంది. మోచేతి దాకా కారింది. ఆ చేత్తోనే రెండో మఫిన్ తీసి, దిలీప్ వైపు చాపింది.

"తింతావేటి బాబూ? మా అమ్మి సేసింది."

దిలీప్ నవ్వాపుకుంటూ అద్దాలు సర్దుకున్నాడు.

ఇంద్రజ తల్లిని ఏమీ అనలేదు. పోనీ మనసులో అనుకుందా అంటే, అనుకునేంత సమయం కూడా పట్టలేదు. పొయ్యి మీద పాలు విరిగిపోయాయి. నీళ్ళు నీళ్ళుగా, ఛెనా ఛెనాగా.

దిలీప్ ట్రేలు ఎత్తించుకుని వెళ్ళిపోయాడు. చిట్టమ్మ చెయ్యి కొంగుకి తుడుచుకుని, కుర్చీలోంచి లేచి, పొయ్యి కట్టేసింది. గుడ్డ ఎక్కడుందో తనే వెతుక్కుని, వేడివేడి పాలు వంపి, ఒక్క పలుకు పోకుండా గట్టిగా పిండి, మూట కట్టి కూతురి చేతిలో పెట్టింది. కూతురి మొహంలోకి మాత్రం చూడలేదు.

"కోతలున్నాయే అమ్మీ. పదకొండు బండికి ఎల్లిపోతాను" అంది.

వచ్చినప్పుడు విప్పని మూట మళ్ళీ చంకనేసుకుని గుమ్మం దిగింది. ఉండమని అనడానికి ఇంద్రజ నోరు తెరిచింది. చేతిలో ఛెనా కాలుతోంది. వేడి మీదుండగానే ఉప్పు పట్టించాలి. లోపలికి వెళ్ళి ఉప్పు డబ్బా తీసింది.