చివరి బోగీ

ఆదివారం చర్చికి వెళ్ళే ముందు క్రాగుయెవత్స్‌లో తల్లులంతా కాఫీ హోటలు హాలుకి వస్తారు. అక్కడ కెమెరామన్ స్వెటోజార్ తెరలా దుప్పటి కట్టి, జనవరిలో తను తీసిన సినిమా బొమ్మ వేస్తాడు. యుద్ధానికి రైలెక్కిన ఊరి కుర్రాళ్ళు చలిలో చేతులూపుతుంటారు. ఆ బొమ్మలో, ఇప్పటికీ బతికున్నవాడి నోట ఆవిరి వస్తుంది. పోయినవాడి నోట రాదు. తల్లులు అది చూసుకుని వెళ్ళి, బతికున్నవాడికి పై పళ్ళెంలో, పోయినవాడికి కింది ఇసుకలో కొవ్వొత్తి వెలిగిస్తారు.

పెరునికా మాత్రం కొవ్వొత్తి వెలిగించకుండానే ఇంటికి పోతుంది. చివరి బోగీలో ఎక్కిన ఊరివాడు ఆమె కొడుకు మిలున్ ఒక్కడే.

"మావాడి బోగీ ఎప్పుడేస్తావు నాయనా? తీశావుగా! నీకు నాలుక కూడా చూపించాడు వెధవ."

"రీలు కడగాలి పెద్దమ్మా. రసాయనం రావాలి."

ఏడు వారాలుగా ఇదే మాట. నిజానికి చివరి బోగీకి ముందే రీలు అయిపోయింది. కుర్రాళ్ళు చిన్నబుచ్చుకుంటారని స్వెటోజార్ ఖాళీ కెమెరా పిడి తిప్పుతూనే ఉన్నాడు. రాజధానిలో పనిచేసినప్పుడు మంత్రుల ముందు ఎన్నిసార్లు అలా తిప్పాడో! అప్పుడు హాయిగా నిద్రపోయాడు. ఇప్పుడు నిద్ర పట్టడం లేదు.

ఎనిమిదో ఆదివారం పెరునికా ఒక సీసా తెచ్చింది.

"మిలున్ కాచిన సారా. మహా ఘాటు. రసాయనానికి బదులు దీంతో కడిగి చూడు."

స్వెటోజార్ సీసా అందుకోలేదు. "రీలే లేదు పెద్దమ్మా. వాడు నవ్వుతుంటే ఉత్త పెట్టె తిప్పాను. నిన్ను మోసం చేశాను."

"చెప్పుతో కొట్టు!" అని వెనక నుంచి ఎవరో అరిచారు.

పెరునికా సీసా కింద పెట్టింది. "ఆ పెట్టె తే. ఆ రోజెలా తిప్పావో అలాగే తిప్పు."

తిప్పాడు. కాసేపటికి కెమెరా అద్దం మసకబారింది. ఆమె అరచెయ్యి అడ్డం పెట్టింది. వెచ్చటి ఆవిరి తగిలింది.

"ఉల్లిపాయ తిన్నాడు," అంది అరచెయ్యి వాసన చూసుకుని, ఏడుస్తూ, నవ్వుతూ. ఆ పూట ఆమె కొవ్వొత్తి పై పళ్ళెంలో వెలిగింది.

తర్వాత రాజధాని నుంచి పిలుపు వచ్చినా స్వెటోజార్ ఊరు వదల్లేదు. ప్రతి ఆదివారం, ఈసారి ఆవిరి వస్తుందో రాదో అనుకుంటూ ఖాళీ కెమెరా పిడి పట్టుకుంటాడు. అద్దం ముందు పెరునికా అరచెయ్యి అప్పటికే సిద్ధంగా ఉంటుంది.