తెగిన టేపులో పోయిన దెబ్బ

నేను ఒక టేకు చెక్క స్పీకర్ని. రాణీగంజ్‌లో ఒక వడ్రంగి నా ఒళ్లు చేశాడు. గొంతు మాత్రం విదేశీ సరుకు. ఆ టెక్కు నాకు ఇప్పటికీ పోలేదు.

కొన్నాళ్లు ఒక ఇరానీ హోటల్లో కప్పుసాసర్ల చప్పుడు మధ్య పాడాను. తర్వాత లాలాగూడ రైల్వే క్వార్టర్స్‌లో ఉండే ప్రభుదాస్ నన్ను కొన్నాడు. పగలు వర్క్‌షాపులో ఫిట్టర్, సాయంత్రమైతే గిటార్. స్నేహితుడు జోయెల్ డ్రమ్స్ వాయించేవాడు. పాత ఇంగ్లిష్ రాక్ పాటలంటే ఇద్దరికీ ప్రాణం. ఉన్నది ఒక్క క్యాసెట్టు. ఒకరోజు టేపు చిక్కుకుని తెగితే, ప్రభుదాస్ నలిగిన ముక్క కత్తిరించేసి చెల్లెలి గోళ్లరంగుతో అతికించాడు. ఆ ముక్కతో పాటే ఒక డ్రమ్ దెబ్బ పోయింది. మనుషుల చిత్రం చూడండి! విని విని, ప్రభుదాస్ ఆ వెలితినే పాట అనుకున్నాడు. జోయెల్‌కు మాత్రం పాత పాటే గుర్తుంది.

రైల్వే ఇన్‌స్టిట్యూట్‌లో క్రిస్మస్ డాన్సు రోజు ఇద్దరూ ఆ పాటే వాయిస్తుంటే, జోయెల్ ఆ పోయిన దెబ్బ కొట్టాడు. ప్రభుదాస్ గిటార్ తడబడింది.

“గీడ దెబ్బ ఉన్నది రా,” అన్నాడు జోయెల్.

“క్యాసెట్ల లేదు కద! నీకు తాళం రాదు, గంతే.”

అందరూ విన్నారు. జోయెల్ స్టిక్స్ కింద పెట్టి వెళ్లిపోయాడు. మళ్లీ డ్రమ్స్ ముట్టలేదు. చర్చిలో కూడా ఇద్దరూ చెరో మూల కూర్చునేవారట. జుట్లు నెరిశాయి. నేను మూలపడ్డాను.

మొన్న ప్రభుదాస్ కూతురు సువార్త అరచేతిలో పట్టే ప్లేయర్ ఒకటి తెచ్చి నాకు తగిలించింది.

“లాస్‌లెస్ డాడీ. రికార్డింగ్‌ల ఉన్నదంతా వస్తది, ఏదీ పోదు.”

అదే పాట. ఇన్నేళ్లూ ముసుగుతన్ని పాడానా అనిపించింది. గాయకుడు ఊపిరి తీసుకోవడం, తీగ మీద వేలు జారడం, వాళ్లు పాడిన ఆ గది గాలి కూడా నాలోంచి తేలివచ్చాయి. క్వార్టర్ గోడలు మెల్లగా దూరం జరిగినట్టుంది. కలలో ఉన్నానేమో అనుకున్నాను.

అప్పుడు పడింది దెబ్బ. నిండుగా, గుండ్రంగా. ప్రభుదాస్ ఉలిక్కిపడ్డాడు. వెనక్కి తిప్పి మళ్లీ విన్నాడు, మళ్లీ విన్నాడు. “వాడు చెప్పిందే కరెక్టు,” అని ముఖం కప్పుకున్నాడు. తర్వాత ఫోన్ తీశాడు.

జోయెల్ వచ్చాడు. ప్రభుదాస్ స్నేహితుణ్ణి నా ముందు కూర్చోబెట్టి పాట పెట్టాడు. సరిగ్గా ఆ చోటికి ముందు ఆపేశాడు.

“ఇగ నువ్వు కొట్టు.”

“చేతులు మర్చిపోయినయ్ రా.”

“మర్చింది నేను.”

జోయెల్ అరచేతిని ఎత్తి నా నెత్తిన ఒక్క దెబ్బ వేశాడు. నా చెక్కంతా మోగింది. ప్రభుదాస్ ఏడుస్తూనే మిగతా పాట పెట్టాడు. నేను నా బతుకులో అంత బాగా ఎన్నడూ పాడలేదు. వాళ్లిద్దరూ ఒక్క ముక్క వింటే ఒట్టు. మాట్లాడుకుంటూనే ఉన్నారు.