పాత నేల మీద కొత్త నేల

"తుడుపు గుడ్డ గట్టిగా పిండడం చేతనైతే నేల ఇలా ఉబ్బేదా?" అంది అత్తగారు, కోడలు తుడవడానికి వీలుగా సోఫాలో కాళ్ళు పైకి పెట్టుకుంటూ.

హాల్లో నేలకు పరిచిన ల్యామినేట్ చెక్క పలకలు అంచుల దగ్గర లేచిపోయాయి. తప్పు తుడుపు గుడ్డది కాదు. బాల్కనీ తలుపు కిందనుంచి వాన నీళ్ళు లోపలికి వస్తున్నాయని ఆమె ఎప్పటినుంచో చెబుతూనే ఉంది. కానీ ఈ ఇంట్లో ఆమె మాట చెవికెక్కాలంటే అదే మాట ఎవరో ఒక మగవాడు వచ్చి చెప్పాలి. భర్త స్నేహితుడొకడు వచ్చి, కాలు తట్టుకుని, "నేల పాడైపోయిందిరా" అన్నాడు. ఆ ఆదివారమే కొత్త పలకల పెట్టెలు దిగాయి.

"పాతవి పీకేసి వేద్దామండీ. కింద ఇంకా తడి ఉంది."

"పీకుతూ కూర్చుంటే ఎప్పటికి తెమిలేది? దాని మీదే వేసేద్దాం. కొత్తది పడ్డాక కింద ఏముందో ఎవరు చూడొచ్చారు?"

చూడకుండా ఉండడం భర్తకి అలవాటే. గర్భం నిలవక ఆమె మంచం పట్టినప్పుడు కూడా, సముద్రం దగ్గరికి తీసుకెళ్ళి నాలుగు ఫోటోలు తీశాడు. ఆ తర్వాత ఆ ఊసెత్తితే, "మళ్ళీ మొదలెట్టావా?" అనేవాడు.

ఆమె బీరువాలు జరిపింది, రంపపు పొట్టు ఊడ్చింది, టీలు అందించింది. సాయంత్రానికి నేల నిగనిగలాడింది. అయితే వేలి మందం ఎత్తు పెరగడంతో గదుల తలుపులు పట్టేశాయి. అతను తమ పడగ్గది తలుపు అడుగున కోశాడు, తల్లి గదిదీ కోశాడు. ఆమె ఇంటినుంచే పనిచేస్తూ ఆఫీసు ఫోన్లు మాట్లాడే చిన్న గది దగ్గరికొచ్చేసరికి చేతులు నొప్పెట్టాయి. తలుపు ఊడదీసి బాల్కనీలో గోడకి ఆనించాడు.

"వచ్చే వారం చూస్తాలే. ఇంట్లో అందరం మనవాళ్ళమే, నీకు తలుపెందుకు?"

ఆ వచ్చే వారం రాలేదు. ఆమెది బీమా కంపెనీలో ఖాతాదారులకు ఫోన్లో సమాధానం చెప్పే పని. హెడ్‌ఫోన్స్ పెట్టుకుని కూర్చోగానే, "ఉప్పు డబ్బా ఎక్కడ పెట్టావమ్మా?" అని అత్తగారు గదిలోకే వచ్చేది. ఒకరోజు ఫోన్లో ఒకావిడ, భర్త పోయాడని చెబుతూ వెక్కుతోంది. అప్పుడే హాల్లో టీవీ చూస్తూ ఈమె భర్త పకపకా నవ్వాడు. అవతల ఏడుపు ఠక్కున ఆగిపోయింది. "నవ్వుతున్నారా?" అని అడిగి ఆవిడ ఫోన్ పెట్టేసింది.

మర్నాడు సూపర్‌వైజర్ ఫోన్ చేసి, "ఇలా అయితే కష్టమండీ" అన్నాడు.

"సోమవారం నుంచి ఆఫీసుకే వస్తాను" అందామె. ఆ మాట అంటున్నప్పుడే తను నిర్ణయించుకున్నదేమిటో ఆమెకూ తెలిసింది.

రాత్రి భోజనాల దగ్గర చెప్పింది. భర్త ముద్ద నోటి దగ్గరే ఆపాడు.

"రెండు బస్సులు మారి వెళ్తావా? ఎందుకీ అవస్థ? మరి మధ్యాహ్నం అమ్మకి వంటెవరు చేస్తారు?"

ఆమె తన కంచం తీసుకుని లేచింది.

"వంటగదికి ఎప్పుడూ తలుపు లేదుగా. ఎవరైనా వెళ్ళొచ్చు."