అవతలింటి నలుసులు

ఆసుపత్రి అడుగు అంతస్తులో, కిటికీ లేని గదిలో, ఆపరేషన్ కత్తులూ కత్తెరలూ పట్టకార్లూ శుభ్రం చేయడం ఆవిడ ఉద్యోగం. నిజానికి కడగడం కన్నా చూడడమే ఎక్కువ. ఒక్కోదాన్నీ దీపం కింద పెట్టి, మెడలో తాడుకి వేలాడే భూతద్దంలోంచి చూసి, కీలులో ఎండిన రక్తం ఎంతుందో, పళ్ల సందున ఏ పీలిక ఇరుక్కుందో తేల్చుకున్నాకే నీళ్లలో వేసేది. పదకొండేళ్లలో ఆవిడ చేతి మీదుగా వెళ్లిన వస్తువు ఒక్కటీ వెనక్కి రాలేదు. తోటివాళ్లు ఆవిడ పేరు ఎప్పుడో మర్చిపోయి భూతద్దం అనే పిలిచేవాళ్లు.

ఇంటి గడప దాటగానే మాత్రం ఆ కళ్లు మూతలు పడేవి. పొద్దుటి నుంచి చూసిన రోత చాలదా, ఇంట్లో కూడా చూడాలా అన్నది ఆవిడ వాదన. సింకులో ఉబ్బిన రొట్టె ముక్కలైనా, మంచం కింద దొరికిన ఒంటి సాక్సు అయినా, ముఖం పక్కకి తిప్పుకుని, ముక్కు బిగబట్టి, గుడ్డతో చుట్టి పారేసేది.

వీటన్నిటినీ మించింది టీవీ కింద గేమ్ బాక్సు. దూరంగా ఎక్కడో ఉన్న పిల్లలతో కలిసి ఆడితే, అవతలింట్లో రాలిన నలుసులు ఇవతలింట్లో డిస్కు అడుగున అంటుకుని వచ్చేవి. ఏ ఇంట్లోనైనా అంతే. ఆటలో పరిచయమైన కవలలిద్దరితో ఆడితే పిల్లి వెంట్రుకలు, పెద్దకూతురి క్లాసుమేటుతో ఆడితే బిస్కట్ పొడి, ఒకసారి ఎవరిదో ఊడిన పాలపన్ను. బాక్సుతో పాటు వచ్చిన చిన్న పుస్తకంలో కూడా, డిస్కుని మెత్తటి పొడి గుడ్డతో మధ్య నుంచి అంచుకి తుడవాలనీ, అవతలివారి మురికికి కంపెనీ పూచీ లేదనీ రాసి ఉంది.

ఆ తుడిచే పని ఆవిడది. పిల్లల చేతికి వదిలేది కాదు. ఎవరి చీమిడి వేళ్లో, ఎవరి చుండ్రో. బాక్సులోంచి డిస్కు తీయడానికి మాత్రం పిల్లలకి పద్ధతి పెట్టింది.

"ముందు ఆట మూసెయ్యి. తర్వాత బటన్ నొక్కు. లోపల తిరుగుడు ఆగేదాకా ఆగు. సగం కనబడింది కదా అని లాగకు. అంచు పట్టుకో, మెరిసే వైపు వేలు పెట్టకు."

"ఊపిరి తీసుకోవచ్చా?" అనేది ఏడేళ్ల చిన్నకూతురు.

లిఫ్టులు బాగుచేసే తండ్రి సోఫాలోంచి అందుకునేవాడు. "పిల్లలు తీస్తోంది డిస్కా, బాంబా?"

"మీకేం, తుడిచేది నేను," అనేది ఆవిడ. తడి కాగితంతో కళ్లు సగం మూసుకుని ఒక్క తుడుపు తుడిచి, మడిచి, చెత్తబుట్టలో పడేసి, మోచేతుల దాకా సబ్బుతో రుద్దుకునేది.

రెండు నెలలుగా పన్నెండేళ్ల పెద్దదానికి ఆటలో ఒక కొత్త స్నేహితురాలు. తెర మీద పేరు మిణుగురు. తనకీ పన్నెండేళ్లేనంది. మైకు పాడైందట, మాటలన్నీ టైపు చేసేది. లెక్కల టీచర్ని పెద్దది తిట్టుకుంటే తనూ తిట్టేది. అమ్మ చాదస్తం అంటే మా అమ్మా అంతే అనేది. శనివారం నాలుగింటికి ఈతకొలను వెనక గేటు దగ్గర కలుసుకుని డిస్కులు మార్చుకుందామని అనుకున్నారు. ఈతకొలను రెండు వీధుల అవతలే. ఎంతసేపని పిల్లని గదిలో కట్టి పడేస్తాం అని భర్త అంటే, ఆవిడ మూడు రోజులు ఆలోచించి సరేనంది.

శనివారం రెండున్నరకి ఆవిడ డ్యూటీ నుంచి వచ్చేసరికి పెద్దది బాక్సు ముందు గొంతుక్కూర్చుని ఉంది.

"అమ్మా, ఇరుక్కుపోయింది."

"లాగావా?"

"కొంచెమే."

"ఆట మూసేశావా?"

పిల్ల కాళ్ల కేసి చూసుకుంది. చిన్నది గుమ్మంలోంచి చెప్పింది. "మూయలేదు. గోరు పెట్టి గుంజింది. నేను చెప్పాను కూడా."

"నువ్వు అవతలికి పోవే, పోలీసు," అంది పెద్దది. "అమ్మా, తీసివ్వవా. నాలుగింటికి ఆ డిస్కు తీసుకెళ్లాలి."

ఆవిడ ప్లగ్గు పీకింది. లోపల చక్రం గురక ఆగేదాకా ఆగింది. బాక్సుని తువ్వాలు మీద పక్కకి పడుకోబెట్టి, అడుగున రబ్బరు బిళ్ల లేపితే కనబడే స్క్రూని మెల్లగా తిప్పసాగింది. తిప్పుకి ఒక నూలుపోగంత చొప్పున డిస్కు బయటికొస్తోంది. కళ్లు మూసుకుంటే వంకర పోతుంది. చచ్చినట్టు చూడాల్సిందే.

డిస్కు అంచుతో పాటు వాసన వచ్చింది. ఆరిపోయిన సిగరెట్టు, ఉతకని దిండు గలేబు, వాటి మీద కొట్టిన చవక సెంటు. డిస్కుని అంచులు పట్టి తీసి దీపం కిందికి తెచ్చింది. అడుగున బూడిద జిగురుగా అంటుకుని ఉంది. అందులో పసుపుపచ్చగా దళసరిగా ఉన్న ఒక బొటనవేలి గోరు ముక్క. చుట్టూ ఆవగింజంత పొడవు వెంట్రుకలు, నలుపూ తెలుపూ కలిసి, ఏటవాలుగా తెగి.

ఆపరేషన్‌కి ముందు గడ్డాలు గీసిన రేజర్లు వందల కొద్దీ ఆవిడ బల్ల మీదికొచ్చాయి. వాటిని ఇంకేదో అనుకునే వీలు లేదు.

"ఇది మిణుగురుతో ఆడిన డిస్కేనా?"

"ఊఁ. దాంతో ఒక్కదాంతోనే ఆడతాను ఇది." పెద్దది కూడా వంగి చూసింది. "వాళ్ల నాన్నవి అయ్యుంటాయి."

అయ్యుండొచ్చు. రెండు నెలలు ఈ డిస్కు తన చేతిలో నానింది. ఒక్కసారి కళ్లు తెరిచి చూసి ఉంటే ఎవరివో తెలిసి ఉండేది. పరాయి ఒంటి మురికి అని ఎంత జాగ్రత్తగా మడిచి పారేసిందో అంత జాగ్రత్తగానూ ఆ ఆనవాళ్లని పారేసుకుంది.

భర్తని పిలిచి నేల మీద పాత పేపర్లు పరిపించింది. వంటింటి చెత్తబుట్ట ఎత్తి బోర్లించింది. గుడ్డు పెంకులు, టీ పొడి ముద్దలు, బూజు పట్టిన నారింజ తొక్క, వారం రోజుల కంపు. భర్త ముక్కు మూసుకుని, "ఏంటిది, పిచ్చి పట్టిందా?" అన్నాడు. ఆవిడ మోకాళ్ల మీద కూర్చుని తడి కాగితాలు ఒక్కొక్కటే వెతికి తీసింది. ఈ వారానివి నాలుగు దొరికాయి. ఒకదాంట్లో పిల్లి వెంట్రుకలు. అది కవలల డిస్కుది. పక్కన పెట్టింది. మిగతా మూడూ విప్పి, భూతద్దం పెట్టి, అంగుళం అంగుళం చూసింది.

గడ్డం. బూడిద. గడ్డం. గోరు. గడ్డం. ఎండిన కళ్లె చార ఒకటి.

"నువ్వు ఆడితే అవతలింటికి ఏం వెళ్తాయే?" అంది తలెత్తకుండా.

పెద్దది ఆలోచించింది. "పెన్సిలు చెక్కు. నెయిల్ పాలిష్ పెచ్చులు. జుట్టు."

"వెతుకు. ఈ మూడింట్లో నీ ఈడు పిల్లది ఒక్క పొడుగు వెంట్రుక చూపించు. నేనే తీసుకెళ్లి దింపుతాను."

పిల్ల భూతద్దం తీసుకుంది. చాలాసేపు చూసింది. మూడో కాగితం దగ్గర ఆమె చెయ్యి ఆగిపోయింది. భూతద్దం పేపరు మీద పెట్టేసి, అరచేతులు గౌనుకి తుడుచుకుంది. మళ్లీ తుడుచుకుంది.

"నా ఫోటో అడిగింది," అంది. "పంపాను. స్కూలు డ్రెస్సులోది."

తండ్రి ముక్కు మీంచి చెయ్యి తీసేశాడు.

తండ్రి ఫోను చేస్తే, పోలీసు స్టేషన్ నుంచి మామూలు బట్టల్లో ఒక ఆవిడ వచ్చేటప్పటికి మూడున్నర దాటింది. గుమ్మంలోనే అడిగింది. "డిస్కు తుడిచేశారా?"

"లేదు."

"హమ్మయ్య. మా దగ్గరికి వచ్చే అమ్మలందరూ తళతళలాడించి తెస్తారు." కాగితాలూ డిస్కూ కవర్లలో వేసుకుని, "ఈ మురికిని చూసింది మీరు, మనిషిని గుర్తు పట్టడానికి మీరొకరు రండి. పాప వద్దు," అంది.

ఈతకొలను వెనక గేటు ఎదురుగా మందుల షాపు మెట్ల మీద ఇద్దరూ నిలబడ్డారు. నాలుగింటికి ఐదు నిమిషాల ముందు ఒక మనిషి వచ్చాడు. ఇస్త్రీ చొక్కా, నున్నగా గీసిన గడ్డం, పాలిష్ చేసిన బూట్లు. ఇంతకన్నా శుభ్రమైన మనిషి ఆ వీధిలో లేడు. చెవి కింద రేజరు గాటు ఇంకా ఎర్రగా ఉంది. గాలికి అదే చవక సెంటు వాసన ఇటు రాగానే ఆవిడ తలూపింది. పోలీసావిడ వెళ్లి అతని చేతిసంచీ తెరిపించింది. అందులో మార్చుకోవడానికి తెచ్చిన డిస్కు, ఒక చాక్లెట్ పొట్లం, రెండు జ్యూసు సీసాలు. రెంటిలో ఒకదాని మూత సీలు ముందే తీసి ఉంది.

ఆవిడ ఇంటికొచ్చేసరికి ఐదున్నర. పెద్దది మేడ మెట్ల మీద కూర్చుని ఉంది.

"ఎవరైనా వచ్చారా?"

అబద్ధం చెబుదామా అని ఒక్క క్షణం అనుకుంది. "వచ్చారు. నాన్న కన్నా పదేళ్లు పెద్ద ఉంటాడు."

పిల్ల లోపలికెళ్లి బాత్రూం తలుపు గడియ పెట్టుకుంది. ధారగా నీళ్లు పడుతున్న చప్పుడు మొదలైంది. పది నిమిషాలు గడిచాయి, అరగంట గడిచింది. టాంకు ఖాళీ అవుతుందేమో చూడమని చెప్పడానికి వచ్చిన భర్తకి ఆవిడ చేత్తోనే సైగ చేసింది, వెళ్లమని. తలుపుకి వీపు ఆనించి, తడి నేల మీదే కూర్చుంది.

"అమ్మా," లోపలి నుంచి వినబడింది. "ఉన్నావా?"

"ఇక్కడే ఉన్నాను. ఎంతసేపు కావాలంటే అంతసేపు కడుక్కో."