ఆరో ముద్దాయి

సమన్లు బడికే వచ్చాయి. సోని మూడో తరగతి పిల్లలతో ఎక్కాలు చెప్పిస్తుంటే కానిస్టేబుల్ గుమ్మంలో నిలబడి, సంతకం పెట్టమని కాగితం చాపాడు. అటవీ సిబ్బందిపై దాడి కేసు. అందులో ఆమె అన్న బలరాం మొదటి ముద్దాయి, ఆమె ఆరో ముద్దాయి. ఆ పూట ఎక్కం ఎక్కడ ఆగిందో పిల్లలే ఆమెకు గుర్తుచేశారు.

పోడుకు పట్టాలిచ్చే చట్టం వస్తుందని రేడియోలో చెబుతున్న రోజులవి. అంతకు ముందటేడు, జూలూరుపాడు అవతల సోని పుట్టిన తండా వాళ్లు దున్నుకుంటున్న పోడులో కందకం తవ్వడానికి ఫారెస్టు వాళ్లు వచ్చారు. మాటా మాటా పెరిగి రాళ్లు లేచాయి. బొజ్జయ్య అనే గార్డు తల పగిలి కూలబడితే, సోని పరుగున వెళ్లి తన చున్నీతో కట్టు కట్టింది. అక్కడున్న వాళ్ల పేర్లన్నీ కేసులోకి ఎక్కినప్పుడు ఆమె పేరూ ఎక్కింది.

కొత్తగూడెంలో వకీలు కుమారస్వామి ధైర్యం చెప్పాడు. విచారణ మొదలు కాకముందే కేసు నుంచి తప్పించమని డిశ్చార్జి పిటిషన్ వేద్దామన్నాడు. శిక్ష పడితే టీచరు ఉద్యోగం దక్కదని కూడా అన్నాడు. పిటిషన్ రాసి చదివి వినిపించాడు. బలరాం తదితరులు రాళ్లు రువ్వుతుండగా తాను వారించి గార్డును కాపాడానని ఆమె చెప్పుకుంటున్నట్టుగా ఉంది అందులో.

సోని కుర్చీలోంచి లేచింది. "ఆ మాట తీసెయ్యండి సార్."

"మన బలం అదేనమ్మా. నిజమే గదా?"

"నా నోటితోని మా అన్నను జైలుకు పంప."

అది లేకపోతే పిటిషన్ నిలుస్తుందన్న పూచీ తనది కాదని వకీలు విసుక్కున్నాడు. అయినా ఆమె కదలలేదు. చివరికి ఆ వాక్యం కొట్టేసి, గార్డు పోలీసులకిచ్చిన వాంగ్మూలాన్నే ఆధారం చేసుకున్నాడు. టీచరమ్మ ఎవరో తలకు కట్టు కట్టిందని బొజ్జయ్య చెప్పాడు. ఆమె రాయి పట్టిందని ఏ సాక్షీ చెప్పలేదు.

తర్వాత వాయిదాల మీద వాయిదాలు. సోనికి ఒకచోట కాలు నిలవలేదు. పొయ్యి మీద అన్నం పెట్టి మరిచిపోయేది, వాకిట్లో బండి చప్పుడైతే ఉలిక్కిపడేది. గనిలో పనిచేసే భర్త కోటేష్, ఒక్క మాట కోసం నౌకరి మీదికి తెచ్చుకున్నావని ఒకటే అనేవాడు. నిజమేనేమో అని ఆమెకూ అనిపించేది. ఆ వాక్యం మళ్లీ పెట్టమని వకీలుకు ఫోన్ చేద్దామని ఎస్టీడీ బూత్ దాకా వెళ్లి, లోపల అడుగు పెట్టకుండానే తిరిగొచ్చేది.

వానలు మొదలయ్యాక పిటిషన్ మీద ఉత్తర్వు వచ్చింది. ఆమెపై అభియోగం మోపడానికి ఆధారం లేదన్నారు జడ్జి. మిగతా వాళ్లపై విచారణ సాగుతుంది.

కోర్టు బయట రేకుల పంచలో బలరాం నిలబడి ఉన్నాడు.

"వకీలు చెప్పిండు. నీ పిటిషన్ల నా పేరు కొట్టేయించినవంట."

ఆమె చున్నీ తల మీదికి లాక్కుంది.

"ఆ రాయి ఇసిరింది నేనే, చెల్లె."

"చూసిన అన్నా."

"మరి రేపు నిన్ను సాక్షిగా పిలిస్తే?"

సోని వానలోకి దిగి బస్టాపు వైపు నడిచింది. జూలూరుపాడు బస్సు వస్తే ఇద్దరూ ఎక్కారు. అన్న కిటికీ పక్కన కూర్చుని ఆమెకు చోటిచ్చాడు. ఆమె మాత్రం కడ్డీ పట్టుకుని ఊరొచ్చేదాకా నిలబడే ఉంది.