స్లావాకు పిలవరు

స్రెత్కో మిలాదినోవిచ్‌ను సినిమాల్లో ఎన్నిసార్లు కాల్చి చంపారో ఆయనకే గుర్తులేదు. యుద్ధం సినిమాలు జోరుగా తీసిన రోజుల్లో పొద్దున జర్మన్ సిపాయిగా, మధ్యాహ్నం మనవైపు రైతుగా ఒకే సినిమాలో రెండు పక్కలా చచ్చిన ఘనత ఆయనది. వాళ్లమ్మ సినిమాహాలుకు వెళ్లడమే మానేసింది. కన్నకొడుకు చావు చూడ్డానికి టికెట్ కూడా కొనుక్కోవాలా అని దెప్పేది. ఆ తర్వాత పోస్ట్‌మాన్ అయ్యాడు, పెళ్లిలో తాగి పడిపోయే మేనమామ అయ్యాడు, కాపలా కాస్తూ కునుకు తీసే పోలీసయ్యాడు. ఒక టీవీ సీరియల్లో స్టేషన్ మాస్టరుగా, "రైలు వస్తుంది, కాకపోతే ఇవాళ కాదు" అన్నాడు. అంతే, ఆ ఒక్క మాట ఊరంతా పట్టుకుంది. బజారులో ఎర్ర మిరపకాయలు అమ్మే ఆడవాళ్లు "రైలెప్పుడు మాస్టారూ?" అని అడక్కుండా వదలరు. "ఇవాళ కాదు తల్లీ" అని ఆయన అనకపోతే తూకం వెయ్యరు.

ఆయన పని చేసే తీరు వేరు. ముందు పాత్రకు బూట్లు వెతుక్కుంటాడు. మాటలు రెండే ఉండనీ, పాత సామాన్ల సంతలో తిరిగి, ఆ మనిషి ఎలాంటి బూట్లు తొడుగుతాడో తేల్చుకున్నాకే మాటలు బట్టీపడతాడు. పోస్ట్‌మాన్‌కు ఒక మడమ అరిగి ఉండాలి, ఆ సంచీ ఎప్పుడూ ఒకే భుజాన వేలాడుతుంది కదా. ఇవన్నీ చూసేవాళ్లకు తెలియవు. తెలియకుండానే నమ్ముతారు, అదీ ఆయన పనితనం.

ఊళ్లోని నాటకశాలలో ఆయనకు ప్రాణస్నేహితుడు గవ్రీలో. గవ్రీలో రాజు, సేనాపతి, ప్రేమికుడు. స్రెత్కో రాజుగారి నౌకరు, సేనాపతి గుర్రాలవాడు, ప్రేమికుడి మామ. ఒకే గదిలో ఒకే అద్దం ముందు రంగులు పూసుకుని, ఒకే సీసాలో రేగుపళ్ల సారా తాగిన మనుషులు. వాళ్ల మధ్య చిచ్చు పెట్టింది ఒక పత్రిక. బెల్‌గ్రేడ్ నుంచి వచ్చిన విలేకరితో గవ్రీలో, "స్రెత్కో చిన్న పాత్రలకే పుట్టాడు" అన్నాడట. అచ్చులో అది చూసి స్రెత్కోకు ఒళ్లు మండిపోయింది. మనిషి మెతకే గాని పట్టిన పట్టు విడిచే రకం కాదు. ఆ సాయంత్రమే తన సబ్బూ దువ్వెనా తీసుకుని అవతలి గదిలోకి మారిపోయాడు.

ఇక అప్పటి నుంచి మాటల్లేవు. వచ్చిన చిక్కేమిటంటే, అప్పటికే ఇద్దరూ కలిసి ఆడుతున్న నాటకం ఒకటుంది. పిసినారి జమీందారూ, అతని నౌకరూ. జనానికి ఎంత నచ్చిందంటే ఏళ్ల తరబడి దాన్ని ఆపే దిక్కే లేకపోయింది. స్టేజీ మీద గవ్రీలో గాడిదా అని తిడితే స్రెత్కో చిత్తం దొరా అనేవాడు. జనం పడిపడి నవ్వేవారు. తెర పక్కకు రాగానే ఇద్దరి నోళ్లూ మూతపడేవి. నాటకం మాటలు అందించే పెర్సిదమ్మే మధ్యవర్తి. గవ్రీలో చేయి చాస్తే అందేంత దూరంలో నిలబడి ఉండగానే స్రెత్కో, నా అంగీ తొక్కుతున్నాడని ఆయనగారికి చెప్పమ్మా అనేవాడు. విన్నాడులే, ముందుకు నడువు అని ఆవిడ కసిరేది. చివర్లో జనానికి వంగి దండం పెట్టేటప్పుడు మాత్రం ఒకరి చెయ్యి ఒకరు పట్టుకోక తప్పదు. తెర పడగానే వేడి గిన్నె వదిలినట్టు వదిలేసేవారు.

దీనికి తోడు స్లావా ఒకటి, అంటే ఇంటింటికీ తమను కాచే పునీతుడి పేర జరిగే పండుగ. స్రెత్కో ఇంటి పునీతుడు దిమిత్రి, నవంబరులో మిత్రోవ్‌దన్ నాడు పండుగ. స్లావాకు ఎవరినీ పిలవరు. ఒకసారి ఆ గుమ్మం తొక్కినవాడు బతికున్నంత కాలం తనంతట తానే వస్తాడు. రమ్మంటే, నువ్వు చెబితేగాని రాని మనిషివని ముఖం మీద అన్నట్టే. స్రెత్కోకు పెళ్లయిన ఏడాది నుంచీ వస్తున్న గవ్రీలో, పత్రిక గొడవ జరిగిన ఏడాది రాలేదు. ఆ తర్వాతా రాలేదు. ప్రతి స్లావాకూ స్రెత్కో భార్య దేసంక ఒక కంచం ఎక్కువ పెట్టేది, సాయంత్రం తీసేసేది.

ఈ ఏడు ఆ నాటకానికి కూడా నూకలు చెల్లాయి. గవ్రీలో పని మానుకుని నోవిసాద్‌లో కూతురి దగ్గరికి వెళ్లిపోతున్నాడు. ఆఖరి ప్రదర్శన మిత్రోవ్‌దన్ ముందురోజు పడింది. స్రెత్కోకు లోపల దిగులు పట్టుకుంది. ఆ తిట్లూ ఆ చిత్తాలూ పోతే ఇద్దరి మధ్య ఇక ఒక్క మాట మిగలదు. గవ్రీలో వెళ్లిపోతాడు, ఎవరో ఒకరు ముందు పోతారు, రెండోవాడు గోడ మీద అంటించిన చావు కాగితం చూసి టోపీ తీస్తాడు. అంతేనా, అంతేనా అని ఆ వారమంతా మథనపడ్డాడు.

ఆఖరి ప్రదర్శన నాటి మధ్యాహ్నం దేసంక, స్లావాకు వచ్చినవాళ్లకు అన్నిటికన్నా ముందు పెట్టే గోధుమలు ఉడకబెట్టి, అక్రోట్లూ చక్కెరా కలిపి చల్లారబెట్టింది. స్రెత్కో ఒక చిన్న గిన్నెలోకి కాసిన్ని తీస్తుంటే చూసి, ఎక్కడికని అడిగింది. చెప్పాడు.

"ఏమయ్యా, మతి ఉందా?" అంది దేసంక. "పాదిరిగారి చెయ్యి పడకముందే, అదీ నాటకంలోకి తీసుకుపోతావా పునీతుడి గోధుమలు?"

"ఇంకెక్కడ ఇవ్వను? వాడు నాతో మాట్లాడేది అక్కడే."

దేసంకకు కళ్లల్లో నీళ్లు తిరిగాయి. గిన్నె మీద కప్పడానికి తెల్లగుడ్డ ఇచ్చింది.

రెండో అంకంలో నౌకరు జమీందారుకు భోజనం తెచ్చే ఘట్టం ఉంది. ఎప్పుడూ ఖాళీ గిన్నే, గవ్రీలో గాలి తిని మూతి తుడుచుకుంటాడు. ఆ రోజు స్రెత్కో పళ్లెంలో గోధుమల గిన్నె, చెంచా, పక్కన గ్లాసుడు నీళ్లు పెట్టుకుని వచ్చాడు. బల్ల మీద పెట్టి గుడ్డ తీశాడు. ముందు వరసలో నవ్వు ఆగిపోయింది. అది స్లావా పళ్లెమని తెలియనివాళ్లు ఆ హాల్లో లేరు.

గవ్రీలో పళ్లెం చూశాడు. అతని కుడిచెయ్యి శిలువ గుర్తు వేసుకోవడానికన్నట్టు నుదుటి దాకా లేచి, దారి తప్పి, విగ్గు సర్దుకుని కిందికి దిగింది. పళ్లెం పక్కకు నెట్టాడు. "గుర్రబ్బండి సిద్ధం చెయ్యి, గాడిదా," అన్నాడు. నాటకంలో ఉన్న మాటే అది.

"చిత్తం దొరా," అని స్రెత్కో పళ్లెం తీసుకున్నాడు. ముప్పై ఏళ్లుగా పళ్లేలు మోసిన చేతులు, వణకలేదు. గుండె మాత్రం ముక్కలైంది. దండం పెట్టేటప్పుడు గవ్రీలో అతని చెయ్యి మామూలు కన్నా గట్టిగా పట్టుకున్నాడు. స్రెత్కోయే విదిలించుకున్నాడు. బట్టలు మార్చుకుని ఎవరికీ చెప్పకుండా ఇల్లు చేరి, గిన్నె పొయ్యి పక్కన పెట్టి పడుకున్నాడు.

తెల్లారి పండుగ. పాదిరిగారు వచ్చి రొట్టె కోసి వైను పోసి వెళ్లారు. చుట్టాలూ ఇరుగుపొరుగూ వస్తూనే ఉన్నారు. స్లావా నాడు ఇంటాయన కూర్చోకూడదు. స్రెత్కో నిలబడే సూపు అందించాడు, పందిమాంసం వడ్డించాడు, సారా పోశాడు. నవ్వాల్సిన చోట నవ్వాడు. ఎవరో రైలెప్పుడని అడిగితే ఇవాళ కాదన్నాడు.

కాఫీల వేళ దగ్గరేసిన తలుపు తోసుకుని గవ్రీలో లోపలికి వచ్చాడు. టై కట్టుకున్నాడు. ఒక చేతిలో వైను సీసా, ఇంకో చేతిలో దేసంకకు చేమంతులు. దేసంక చేతులు తుడుచుకుని అవి అందుకుని, గోధుమల పళ్లెం తెచ్చింది. గవ్రీలో నిదానంగా శిలువ గుర్తు వేసుకుని, ఒక చెంచా తిని, చెంచా నీళ్ల గ్లాసులో వేశాడు.

"నీ స్లావా చల్లగా ఉండాలి, ఇంటాయనా," అని స్రెత్కోను చెంపల మీద మూడుసార్లు ముద్దుపెట్టుకున్నాడు.

"నిన్న ఎందుకు నెట్టేశావురా?" అన్నాడు స్రెత్కో.

"నిన్న నా మూతికి జిగురు మీసం ఉందిరా. స్టేజీ మీద ఏడ్చాను, మొక్కాను, చచ్చాను, అన్నీ ఉత్తుత్తివే. ఇది కూడా అక్కడే చేస్తే ఇక నాకు నిజమని మిగిలేదేముంది?" గవ్రీలో గొంతు తగ్గించాడు. "పైగా ఊరందరి ముందూ పిలిచావు. స్లావాకు పిలిపించుకునే మనిషినయ్యాను. సిగ్గుతో చచ్చాననుకో."

"మరి ఇన్నేళ్లూ రాలేదేం?"

"మొదటి ఏడాది వచ్చాను. మీ మెట్ల దాకా వచ్చాను. పైన అంతా నవ్వుతున్నారు. నేను లేకపోతే వీళ్లకేం లోటులే అనుకుని వెనక్కి పోయాను."

"నవ్వక? ఇంటినిండా చుట్టాలను పెట్టుకుని ఏడవమంటావా?" అన్నాడు స్రెత్కో. అన్నాక తనకే నవ్వొచ్చింది. ఆ నవ్వు చూసి గదంతా ఊపిరి పీల్చుకుంది.

ఇంకో గుంపు వచ్చింది. గవ్రీలో కూర్చోకుండా వంటింట్లోకి పోయి, మాంసం కూరిన క్యాబేజీ చుట్టల పళ్లెం ఎత్తుకుని వచ్చాడు. పసిబిడ్డను మోసినట్టు రెండు చేతులా పొదివి పట్టుకున్నాడు, వేళ్లు పులుసులో మునిగాయి. రాజుగారు వడ్డిస్తున్నారర్రా అని ఎవరో ఎగతాళి చేశారు. స్రెత్కో వెళ్లి వేళ్లు ఎక్కడుండాలో చూపించాడు.

"నా వల్ల కావడం లేదురా," అన్నాడు గవ్రీలో. "ఆ రోజు పేపరమ్మాయితో చిన్న పాత్రలకే పుట్టావన్నది ఇందుకే. నేను పొగిడాననే అనుకున్నాను."

స్రెత్కో పళ్లెం కింద తన చెయ్యి కూడా పెట్టాడు. ఇద్దరూ కలిసి బల్ల చుట్టూ వడ్డించారు.

పొద్దువాలుతుండగా గవ్రీలో కోటు తొడుక్కున్నాడు. అతను వెళ్లిపోతున్న నోవిసాద్ ఇక్కడికి పక్కనేం కాదు, మళ్లీ రావాలంటే బస్సులో పొద్దంతా పడుతుంది. గుమ్మం దగ్గర దేసంక ఉండబట్టలేక, వచ్చే ఏడాది అని ఏదో అనబోయింది. స్రెత్కో ఆమె మోచెయ్యి పట్టుకున్నాడు.

"పిలవకు," అన్నాడు.

గవ్రీలో విన్నాడు. తల ఊపి, టోపీ పెట్టుకుని, కళ్లు తుడుచుకుంటూ మెట్లు దిగాడు.