పన్నెండో నిమిషం

"పన్నెండో నిమిషంలో ఎవర్ని చూసి నవ్వావు?" అన్నాడు మా ఆయన రాఘవేంద్ర. నేను పెనం మీద దోసె తిరగేయబోతున్నాను. ఆ మాటకి చెయ్యి ఆగిపోయి దోసె మాడింది. మాడింది ఎలాగూ నా పళ్ళెంలోకే.

దిల్‌సుఖ్‌నగర్‌లో ఓ కోచింగ్ సెంటర్‌లో గ్రూప్స్ రాసే పిల్లలకి చరిత్ర చెబుతాను. ఏడాదిగా పాఠాలన్నీ వీడియోలే. మా ఆయన ఒక్కటీ వదలడు. వింటాడనుకుంటే పొరపాటే. సౌండ్ తీసేసి చూస్తాడు, మాటలు అడ్డమట. కళ్ళెటు తిరిగాయి, కొంగెన్నిసార్లు సర్దుకున్నాను, ఎక్కడ నవ్వాను, అన్నీ నిమిషాలతో సహా అప్పజెబుతాడు. మొన్నటి పాఠం మూకీ సినిమాల గురించి. అప్పట్లో తెర పక్కన ఒకాయన నిలబడి, పెదవులు కదిపే బొమ్మకి తనే కథ చెప్పేవాడని వివరిస్తుంటే, ఆ పన్నెండో నిమిషంలో, నవ్వొచ్చింది. మా ఇంట్లో ఆ ఉద్యోగం ఎవరిదో నాకు తెలుసుగా!

"ప్రేమున్నచోటే అనుమానం ఉంటుందే ఉదయా. వాడికి నువ్వంటే ప్రాణం" అంటుంది మా అత్తగారు నాగేశ్వరి. ఆ ప్రేమే నా ప్రాణం తోడేస్తోందని ఎవరితో చెప్పుకోను? చీరల రంగులు మార్చాను. నవ్వడం తగ్గించాను. "మేడమ్ మొహం చిటపటలాడుతూ ఉంటోంది" అని సెంటర్‌వాళ్ళంటే పడ్డాను. పెళ్ళయి ఆరేళ్ళు, ఆరేళ్ళూ రుజువులు చూపించడమే. ఒళ్ళు మండిపోతోంది.

అందుకే ఆ రోజు ఎల్బీనగర్‌లోని మా ఇంటి నుంచి సెంటర్‌కి అతన్ని కూడా వెంటబెట్టుకెళ్ళాను. రికార్డింగ్ గది చూస్తే కుదుటపడతాడని నా పిచ్చి ఆశ. కెమెరామన్ ఎవడో తేల్చుకోవాలని అతని తొందర. గదిలో ఒక బోర్డు, ఒక కుర్చీ, స్టాండు మీద కెమెరా. గుమ్మంలో ఆయా లచ్చమ్మ.

"కెమెరా చూసుకునేది ఎవరు?" అడిగాడు.

"ఇంకెవలు సారూ, నేనే. బటన్ ఒత్తి బయటికొచ్చి కూసుంట, ఎవ్వలు సప్పుడు చెయ్యకుండ. లోపట మేడమొక్కతే ఉంటది."

రాఘవేంద్ర నాలుగు మూలలూ చూశాడు. తలుపు వెనక కూడా చూశాడు. సిగ్గుపడతాడేమోనని ఎదురుచూశాను. దగ్గరికొచ్చి గొంతు తగ్గించాడు.

"అయితే ఎవర్ని తలుచుకుని నవ్వావు?"

ఖాళీ గది కూడా అతనికి చాలలేదు. ఇంతకంటే ఏం చూపించను?

"మీరు వెళ్ళండి. సాయంత్రం నేను ఇంటికి రావడం లేదు" అన్నాను.

"ఎవరి దగ్గరికి పోతావు?"

ఎక్కడ ఉంటావని కూడా అడగలేదు మనిషి. పెళ్ళయ్యాక మొదటిసారి, అతని ప్రశ్నకి జవాబు చెప్పకుండా, అతన్ని గుమ్మం దాటించి తలుపు వేసుకున్నాను.